బీజసమాసమునకు విగ్రహము చెప్పవలసిన వారెవరు?

ఉన్నత పాఠశాలల తెలుగు గణిత వాచకములలో బీజగణిత ప్రకరణమును చూచిన ప్రాచ్య కళాశాల అధ్యాపకునకు అందలి పరిభాష కొత్తదిగా తోపదు. సమాసము, పదము, ఏకపది, ద్విపది, సజాతి, విజాతి, గుణకము అనునవి అన్నియు మనము నిత్యము వాడు మాటలే. వ్యక్తావ్యక్త రాశులు ధన ఋణ చిహ్నములతో కూడియున్న రూపమునకు ‘బీజీయ సమాసము’ అని పేరు పెట్టినారు. కుండలీకరణములను విప్పి, సజాతి పదములను ఒకటిగా చేర్చి, ఆ సమాసమును సంక్షిప్తరూపమునకు తెచ్చుటకు ‘సూక్ష్మీకరణము’ అని పేరు పెట్టినారు. సమాసమున్నచోట విగ్రహముండవలెను గదా. ఆ విగ్రహమును విద్యార్థికి చెప్పుచున్నవారు ఎవరు? గణితోపాధ్యాయుడు ఈ మాటలను గుర్తులుగా మాత్రమే వాడుచున్నాడు. భాషోపాధ్యాయుడు అది తన పాఠము కాదని ఊరకుండుచున్నాడు. ఇద్దరి నడుమ విద్యార్థికి మిగులుచున్నది బట్టీ పట్టిన సూత్రము.

ఈ వ్యాసమున నేను ప్రతిపాదించునది ఇది. కుండలీకరణమును విప్పు ప్రక్రియ మన శాస్త్రగ్రంథములలో ఖండగుణనమను పేర సోపపత్తికముగా ఉన్నది. దాని అన్వయరీతి వ్యాకరణ విద్యార్థికి ద్వంద్వసమాస పాఠముననే పరిచితము. కనుక భాస్కరాచార్యుని లీలావతీ బీజగణితములలోని పరికర్మ భాగములను ప్రాచ్య కళాశాలలు పాఠ్యాంశములుగా చదివింపవలెను, ఆ చదువు ఫలమును పాఠశాల గణితమునకు అందింపవలెను. ప్రాచీన వైభవమును స్తుతించుట ఇచట ఉద్దేశము కాదు. బాలురు చేయు కొన్ని నిర్దిష్ట దోషములకు మన శాస్త్రములలో మందు ఉన్నది గనుక ఈ మాట చెప్పుచున్నాను.

యావత్తావత్తు అను పేరునకు సంకేతముగా భాస్కరుడు వాడిన ‘యా’ అక్షరమునే అవ్యక్తరాశికి ఇచట వాడుదును. బీజగణితమును బోధించువారందరికిని నాలుగు దోషములు సుపరిచితములు. 3(యా + 2) అను దానిని 3యా + 2 అని విప్పుట మొదటిది. (క + గ) యొక్క వర్గము క వర్గము, గ వర్గముల మొత్తమే అనుకొనుట రెండవది. 3యా + 2 ను 5యా అని కలిపివేయుట మూడవది. 8యా − (3యా + 5) ను 5యా + 5 అని వ్రాయుట నాలుగవది. వీనిని అజాగ్రత్త అని కొట్టివేయుట పరిపాటి. కాని ఒకే దోషము వేర్వేరు ఊళ్లలో, వేర్వేరు తరములలో ఒకే రూపమున కనబడుచున్నచో దానికి కారణము అజాగ్రత్త కాజాలదు. ప్రతి దోషము వెనుకను ఒక అన్వయము ఉన్నది, ఆ అన్వయము దారి తప్పినది. అన్వయదోషమును సవరించుట మన వృత్తి.

మొదటి దోషమును చూతము. ద్వంద్వసమాసమునకు ముందుగాని తరువాతగాని వినబడు పదము ద్వంద్వములోని ప్రతి అవయవముతోను విడివిడిగా అన్వయించునని వైయాకరణుల న్యాయము. ‘మాతాపితృసేవ’ అన్నప్పుడు మాతృసేవయు పితృసేవయు అని అర్థము చెప్పుదుము. మాతృసేవయు పితయు అని విగ్రహము చెప్పిన విద్యార్థిని ఏ వ్యాకరణాధ్యాపకుడును క్షమింపడు. 3(యా + 2) ను 3యా + 2 అని విప్పిన బాలుడు చేసినది సరిగా ఈ తప్పే. ద్వంద్వము వెలుపల నిలిచిన 3 అను గుణకము మొదటి అవయవముతో అన్వయించినది, రెండవ అవయవము సేవకు నోచుకొనలేదు. 3యా + 6 అనునది సరియైన విగ్రహము. ఆధునిక వాచకములు దీనిని విభాగ న్యాయమని పిలుచుచున్నవి. పేరులో న్యాయమున్నది, తరగతిలో అది న్యాయముగా వివరింపబడుట లేదు.

ఇదే విషయమును భాస్కరుడు సంఖ్యలతో మొదలుపెట్టినాడు. 1150లో ముగించిన సిద్ధాంతశిరోమణిలో భాగమైన లీలావతిలో గుణనమునకు పలు మార్గములను చెప్పి, 135 ను 12 చేత గుణింపుమని ఉదాహరణమిచ్చినాడు. 12 ను 8, 4 అను రెండు ఖండములుగా చేయుము. 135 ను 8 చేత గుణించిన 1080, 4 చేత గుణించిన 540, రెండును కలిసి 1620. ఇది ఖండగుణనము. 12 కు 8 కలిపి 20 చేసికొని, 2700 నుండి 1080 తీసివేసినను 1620 యే వచ్చును. కుండలీకరణములో ఋణపదమున్నప్పుడు చేయవలసిన పని ఈ రెండవ మార్గమున స్పష్టమగుచున్నది. మార్కెట్టులో లెక్క చెప్పు వర్తకుడు నేటికిని నోటితో చేయునది ఇదియే.

ముఖ్యమైన విషయము ఇకమీదట ఉన్నది. బీజగణితమున అవ్యక్తరాశుల గుణనమునకు వచ్చినప్పుడు భాస్కరుడు కొత్త విధిని కల్పింపలేదు. గుణకమునకు ఎన్ని ఖండములున్నవో అన్ని చోట్ల గుణ్యమును నిలుపవలెననియు, ఆ ఖండములచేత వరుసగా గుణించి కలుపవలెననియు చెప్పి, వ్యక్తగణితమున చెప్పిన ఖండగుణన విధినే ఇచటను అనుసంధింపుమన్నాడు. అనగా అక్షరములతో చేయు గణితము అంకెలతో చేసిన గణితమునకు కొనసాగింపే. మన పాఠశాలలలో ఈ వంతెన కూలిపోయినది. ఐదవ తరగతిలో 135ను 12 చేత గుణించిన బాలుడు ఏడవ తరగతిలో అక్షరమును చూడగానే తాను మరొక దేశమునకు వచ్చితినని భ్రమించుచున్నాడు.

ఆ సందర్భమున భాస్కరుడిచ్చిన ఉదాహరణము నేటి ఏ వాచకములోనైన ఇముడును. ఒక రూపము తక్కువైన ఐదు యావత్తావత్తులను, రెండు రూపములతో కూడిన మూడు యావత్తావత్తులచేత గుణింపుమన్నాడు. గుణ్యము యా 5, రూ ఋణ 1. గుణకపు ఖండములు యా 3, రూ 2. గుణ్యమును రెండు చోట్ల నిలుపుము. మొదటి చోట యా 3 చేత గుణించిన యావత్తావద్వర్గము 15, యా ఋణ 3. రెండవ చోట రూ 2 చేత గుణించిన యా 10, రూ ఋణ 2. సజాతులను కలిపిన యావత్తావద్వర్గము 15, యా 7, రూ ఋణ 2. అంతటితో విడువక, గుణ్యమున ధనమును ఋణముగా ఋణమును ధనముగా మార్చియు, గుణకమున మార్చియు, రెండింట మార్చియు ఫలమును చెప్పుమన్నాడు. ఒకదానిలో మార్చినచో ఫలములోని చిహ్నములన్నియు తారుమారగును. రెండింటను మార్చినచో మొదటి ఫలమే తిరిగి వచ్చును. చిహ్నములను గూర్చి ఇంతకంటె మంచి అభ్యాసము వేరొకటి లేదు.

రెండవ దోషము మిక్కిలి ఆసక్తికరమైనది. (క + గ) ను (క + గ) చేత గుణింపుమన్నప్పుడు విద్యార్థి మొదటి దానిని మొదటి దానితో, రెండవ దానిని రెండవ దానితో జతపరచుచున్నాడు. ఇది మూర్ఖత్వము కాదు. పాణిని యథాసంఖ్య సూత్రమున చెప్పిన అన్వయమే ఇది. సమసంఖ్యాకములైన ఉద్దేశ్యములకు విధేయములు వరుసతప్పక అన్వయించును. అచ్చు పరమగునపుడు ఏ, ఓ, ఐ, ఔ అను నాలుగింటికి అయ్, అవ్, ఆయ్, ఆవ్ అను నాలుగు ఆదేశములు వరుసగా వచ్చును. నాలుగు నాలుగులు పదునారు ఆదేశములని ఎవరును అనరు. విద్యార్థి ప్రతి అవయవముతోను అన్వయింపవలసిన చోట యథాసంఖ్యాన్వయము చేసినాడు. ఈ భేదమును వ్యాకరణము చదివినవాడు రెండు మాటలలో చెప్పగలడు. గుణ్యము ఖండ ఖండములుగా పంచబడదు, అది సమగ్రముగా గుణకపు ప్రతి ఖండమునొద్దను నిలువవలెను. కనుక రెండు ఖండములు గల రాశిని రెండు ఖండములు గల రాశిచేత గుణించినప్పుడు ఘాతములు నాలుగు. వర్గమున నడిమి రెండును సమానములగుట చేత రెండు ఖండముల ఘాతము రెట్టింపై కూడును.

297 వర్గమును చూడుడు. దానిని 290, 7 అని ఖండించినచో వర్గములు 84100, 49. ఖండముల ఘాతము రెట్టింపైన 4060. అన్నియు కలిసి 88209. నడిమి పదమును విడిచినచో 4060 లోపించును. భాస్కరుడు ఈ 297కే మరొక మార్గమును చూపినాడు. మూడు కూడిన 300ను, మూడు తగ్గిన 294ను గుణించి, మూడు వర్గమైన 9 ని కలుపుము. 88200కు 9 చేరి అదే ఫలము వచ్చును. రాశుల యోగాంతరముల ఘాతము వర్గాంతరమగునను సర్వసమీకరణము ఇందు నిహితమైయున్నది. అంతకు పూర్వమే, 499 నాటి ఆర్యభటీయ గణితపాదమున, రెండు రాశుల మొత్తపు వర్గము నుండి వాని వర్గముల మొత్తమును తీసివేసి సగము చేసిన ఆ రాశుల ఘాతము వచ్చునని ఉన్నది. మన బాలుడు మరచు నడిమి పదమే ఆర్యభటునకు ఘాతమును రాబట్టు సాధనమైనది.

దీనికి ఉపపత్తి ఏమి అని అడుగు విద్యార్థికి చిత్రమును చూపవలెను. పదునారవ శతాబ్దిలో జ్యేష్ఠదేవుడు మలయాళమున రచించిన యుక్తిభాష గుణనఫలమును ఆయత క్షేత్రముగా భావించి ఖండగుణనమును, వర్గమును వివరించినది. క + గ భుజముగా గల చతురస్రమును గీచి, భుజములను ఖండములచోట విభజించి గీతలు సాగించినచో ఒక మూల క వర్గము, ఎదుటి మూల గ వర్గము, మిగిలిన రెండు మూలల క, గ ల ఆయతములు రెండు కనబడును. విద్యార్థి వ్రాసిన జవాబులో ఆ రెండు ఆయతములు ఏమైనవని అడిగిన చాలును. ఉపపత్తి లేని గణకునకు పండిత సభలో గౌరవముండదని గోళాధ్యాయమున భాస్కరుడు హెచ్చరించిన విషయమును ఇచట స్మరింపవలెను.

మూడవ దోషమునకు మందు భాస్కరుని లేఖన పద్ధతిలోనే ఉన్నది. ఆయన అవ్యక్తములకు యావత్తావత్తు, కాలకము, నీలకము, పీతకము, లోహితకము అని పేర్లు పెట్టినాడు. మొదటిది పోగా తక్కినవి వర్ణముల పేర్లు. సంకలన వ్యవకలనములు సమానజాతి రాశులకే జరుగునని, విభిన్నజాతులు వేరుగా నిలుచునని ఆయన నియమము. నలుపును నీలమును కలిపి ఒక పేరున లెక్కించుట కుదరదు. అంతకంటె గమనింపదగినది మరొకటి కలదు. వ్యక్తసంఖ్యకు కూడ ఆయన ‘రూ’ అని జాతినామమును వ్రాసినాడు. ఆధునిక లేఖనమున 3యా + 2 అన్నప్పుడు 2 అనునది జాతి చెప్పని ఒంటరి సంఖ్య, అందుచేత బాలుడు దానిని కనబడిన 3తో చేర్చి 5యా అనుచున్నాడు. యా 3 రూ 2 అని వ్రాసినచో ఆ ప్రలోభము కలుగదు. మొదటి కొన్ని వారములు ఈ ‘రూ’ ను తరగతిలో వాడి, అలవాటైన పిదప విడిచివేయవచ్చునని నా సూచన. ఇక జవాబు సరియా కాదా అని చూచుకొనుటకు అవ్యక్తమునకు ఒక విలువనిచ్చి ఉత్థాపనము చేయింపవలెను. యా విలువ 10 అయినచో 3యా + 2 అనునది 32, 5యా అనునది 50. విద్యార్థికి గురువు తీర్పుతో పని లేదు.

నాలుగవ దోషము నిషేధమునకు సంబంధించినది. ‘రామలక్ష్మణులు రాలేదు’ అనగా రాముడు రాలేదు, లక్ష్మణుడు వచ్చినాడు అని అర్థము కాదు. నిషేధము ఇద్దరికిని చెందును. 8యా − (3యా + 5) అన్నప్పుడు తీసివేత 3యా కును 5 కును చెందును గనుక ఫలము 5యా − 5. మరి 8యా − (3యా − 5) అన్నచో? తీసివేయబడు ధనము ఋణమగును, తీసివేయబడు ఋణము ధనమగును. ఫలము 5యా + 5. ఒకని అప్పును తీసివేసినచో వాని కలిమి ఆ మేరకు పెరుగును గదా. ఈ విధులను 628 నాటి బ్రాహ్మస్ఫుటసిద్ధాంతమున బ్రహ్మగుప్తుడే సంకలనమునకు వేరుగా, వ్యవకలనమునకు వేరుగా, గుణనమునకు వేరుగా చెప్పినాడు. మన తరగతులలో ‘మైనస్ మైనస్ ప్లస్’ అను ఒక్క మాటతో అన్నిటిని కలగాపులగము చేయుచున్నాము. ఆ మాట విన్న బాలుడు ఋణ 3, ఋణ 4 కలిపిన ధన 7 అని వ్రాసినచో తప్పు ఎవరిది? రెండు అప్పులు కూడిన పెద్ద అప్పగును గాని ఆస్తి కాదు. భాస్కర బీజగణితమునకు బీజపల్లవమను వ్యాఖ్యను రచించిన కృష్ణదైవజ్ఞుడు ఋణత్వమనగా వైపరీత్యమేయని, అది దేశము చేతను కాలము చేతను వస్తువు చేతను మూడు విధములని వివరించినాడు. ఎదురు దిక్కు, గడచిన కాలము, అప్పు అను ఈ మూడును బాలునకు తెలిసిన విషయములే.

ఇచట ఒక ఆక్షేపమునకు సమాధానము చెప్పవలెను. వ్యాకరణ సామ్యము ఉపపత్తి కాజాలదు గదా అని గణితజ్ఞులు అనవచ్చును. నిజము. సామ్యము అన్వయమును స్ఫురింపజేయును, ఉపపత్తిని క్షేత్రమును సంఖ్యయు ఇయ్యవలెను. సామ్యమునకు హద్దులు కూడ కలవు. వ్యాకరణమున అంతరంగ కార్యము బహిరంగ కార్యమునకంటె ముందు జరుగవలెను, క్రమము మారిన రూపము చెడవచ్చును. 2[3(యా + 1) − (యా − 4)] అను సమాసమును లోపలినుండి విప్పిన 2[2యా + 7], అనగా 4యా + 14 వచ్చును. వెలుపలినుండి మొదలుపెట్టి 6(యా + 1) − 2(యా − 4) అని విప్పినను 4యా + 14 యే వచ్చును. బీజగణితమున లోపలినుండి విప్పుట సౌకర్యము కొరకే గాని ఫలము కొరకు కాదు. ఈ భేదమును చెప్పనిచో సామ్యము మరొక మూఢసూత్రముగా మారును. ఎంతవరకు పోలునో, ఎచట పోలదో రెండును చెప్పగలవాడు రెండు శాస్త్రములను చదివినవాడే. నా ప్రతిపాదనకు మూలము ఇదియే.

వేరొక ఆక్షేపము మనవారినుండియే రావచ్చును. గణితవైభవమును చాటుటకు వేదగణితము ఉన్నది గదా అందురు. శ్రీ భారతీకృష్ణతీర్థ స్వామివారి (1884–1960) ‘వేద గణితము’ వారి అనంతరము 1965లో వెలువడినది. అందలి గణనోపాయములు కొన్ని చమత్కారములే. కాని ఆ సూత్రములు లభ్యమగుచున్న అథర్వవేద పరిశిష్టములలో కనబడవు. వాఙ్మయ పరిశోధకులమైన మనము ఈ మాటను స్పష్టముగా చెప్పవలసియున్నది. కర్తయు కాలమును వ్యాఖ్యాన పరంపరయు నిర్వివాదముగా గల లీలావతీ బీజగణితములను చదువక, మూలము దొరకని సూత్రములను వల్లించుట శాస్త్రనిష్ఠకు తగదు. అట్లే లేనిదానిని ఉన్నదనుటయు తగదు. నేటి కుండలీకరణ చిహ్నములు యూరోపులో పదునారవ శతాబ్ది నుండి క్రమముగా వాడుకలోనికి వచ్చినవి. మన గ్రంథములు ఆ పనిని న్యాసముచేత, అనగా రాశులను పంక్తులలో అమర్చుటచేత సాధించినవి. చిహ్నము వారిది, ఖండగుణన విధి మనకును ఉన్నది. ఈ రెండు మాటలను కలిపి చెప్పిననే చరిత్ర అగును.

2020 నాటి జాతీయ విద్యా విధానము భారతీయ జ్ఞాన సంప్రదాయములను పాఠ్యప్రణాళికలో చేర్చవలెనని చెప్పినది. గ్రంథమును చదివి చెప్పగలవారు ముందుకు రానిచో ఆ స్థలమును నినాదము ఆక్రమించును. కోల్‌బ్రూక్ 1817లోనే బ్రహ్మగుప్త భాస్కరుల గణితమును ఆంగ్లమున ప్రకటించినాడు. విభూతిభూషణ దత్తు, అవధేశ నారాయణ సింహులు 1935, 1938లలో హిందూగణిత చరిత్రను రెండు భాగములుగా వెలువరించినారు. తెలుగు వాఙ్మయపు తొలి యుగముననే పావులూరి మల్లన మహావీరాచార్యుని గణితసారసంగ్రహమును తెనిగించినాడు. ఇట్టి వారసత్వము గల భాషలో బీజగణితపు పరికర్మాధ్యాయమును వ్యాకరణ శిక్షితుడు చదివి బాలునకు చెప్పలేకపోవుట మనకు గౌరవము కాదు.

కనుక మూడు పనులు చేయవలెను. మొదటిది, సంస్కృత పాఠ్యప్రణాళికలో లీలావతి నుండి గుణన వర్గ ప్రకరణములను, బీజగణితము నుండి ధనర్ణ షడ్విధమును, అవ్యక్త షడ్విధమును చేర్చుట. శ్లోకములు కొలదిగనే ఉన్నవి, కావ్యసర్గ ఒకదానికి పట్టు కాలము కూడ పట్టదు. రెండవది, ఆ పాఠమును సమీప కళాశాలలోని గణితాధ్యాపకునితో కలిసి చెప్పుట. అన్వయము మనది, ఉపపత్తి పరీక్ష వారిది. మూడవది, పాఠశాల గణిత పరిభాషలోని ప్రతి సంస్కృత పదమునకు వ్యుత్పత్తిని, ఉదాహరణమును, పోలికను, పోలిక హద్దును చెప్పు చిన్న తెలుగు వివరణ గ్రంథమును సిద్ధపరచుట. పరీక్షలో శ్లోకమునకు ప్రతిపదార్థము అడిగిన పిదప, ఆ శ్లోకము చెప్పిన లెక్కను చేయుమని కూడ అడుగవలెను. లెక్క చేయలేనివాడు ఆ శ్లోకమును చదివినట్లు కాదు.

మన విద్యార్థులలో పెక్కుమంది భాషోపాధ్యాయులై పాఠశాలలకు పోవుదురు. అచట ఒక బాలుడు 3(యా + 2) ను విప్పలేక గణితము తనకు రాదని నిశ్చయించుకొను దినమున, ప్రక్క తరగతిలో మాతాపితృసేవకు విగ్రహము చెప్పుచున్న ఉపాధ్యాయుడు మన శిష్యుడే కావచ్చును. ఆ బాలునకు కావలసిన మాట ఆయన నోటనే ఉన్నది. అది గణితమునకు కూడ చెందునని ఆయనకు చెప్పవలసిన బాధ్యత మనది.